చెరువు నేర్పిన ఈత, కాలువలో మునక

సూర్యాపేట, కోదాడ, మిర్యాలగూడ ప్రాంతాల్లో ఎండాకాలం సరదాగా ఈతకు దిగిన పిల్లలు నాగార్జునసాగర్ ఎడమ కాలువలో కొట్టుకుపోతే, దుడుకుతనమని పెద్దలు తీర్పు చెబుతారు. అసలు కారణం అంతకంటే పాతదని నా నమ్మకం. ఇక్కడి జనానికి నీళ్లంటే శతాబ్దాలపాటు చెరువే. రేచర్ల రెడ్లు గుడులు కట్టించిన, సూర్యాపేట దగ్గరి పిల్లలమర్రిలోనూ ఊరికి ఆధారం చెరువే. చెరువులో ఒడ్డు నుంచి లోతు మెల్లగా పెరుగుతుంది, ఎక్కడ గుంటుందో ఊరందరికీ తెలుసు. అలుగు, తూము దగ్గర తప్ప నీరు లాగదు. కదలని నీరు ప్రమాదం లేని నీరని ఆ అనుభవం నేర్పింది, ఆ పాఠం చెరువు వరకు చాలామటుకు నిజమే. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ సాగర్ కాలువలకు నీరు వదిలారు. ఆ కొత్త నీటికి పొలం త్వరగానే అలవాటుపడింది. ఈతకు దిగే మనిషి మాత్రం పాత లెక్కతోనే దిగుతున్నాడు. మొదట్లో ఎడమ కాలువ సామర్థ్యం 11,000 క్యూసెక్కులు, అంటే సెకనుకు మూడు లక్షల లీటర్ల పైమాటే. పైకి మాత్రం అద్దంలా కనిపిస్తుంది.

తరాలుగా ఈదుతున్నాం కదా, ఇప్పుడే ఏమొచ్చిందంటారు. కాలువే మారింది. 2010లో ప్రపంచ బ్యాంకు రుణం మంజూరైన ఆధునికీకరణలో చాలాచోట్ల సిమెంటు లైనింగ్ పడింది. నీటికి అడ్డుపడే గరుకుతనాన్ని ఇంజినీర్లు మట్టి కాలువకు సుమారు 0.025గా, కాంక్రీటుకు 0.015గా లెక్కిస్తారు. వాలు, లోతు అవే ఉంటే వేగం ఒకటిన్నర రెట్లు దాటుతుంది. పైగా పట్టుకోవడానికి గడ్డిపోచ ఉండదు, పాచి పట్టిన ఏటవాలు గోడ మీద కాలు నిలవదు. ఆయకట్టుకు మేలు చేసిన నునుపే మనిషిని ఒడ్డెక్కనివ్వదు.

ఈత వస్తే భయమేమిటన్నది రెండో మాట. 2014 జూన్ 8న హిమాచల్‌లో లార్జీ డ్యామ్ నీరు వదిలితే, బియాస్ నదిలో రాళ్ల మీదున్న హైదరాబాద్ ఇంజినీరింగ్ విద్యార్థులు 24 మంది కొట్టుకుపోయారు. వాళ్లు ఈతకు దిగలేదు, నీరే వాళ్ల మీదికి వచ్చింది. ఎగువన గేట్లు ఎత్తే చేయి దిగువన ఉన్నవాడికి కనిపించదు, సాగర్ కాలువలోనూ అంతే. కాలువ తవ్వింది సాగుకే గాని ఆటకు కాదని అధికారులు అనవచ్చు. కానీ కట్ట వెంట ఊళ్లున్నాయి, బట్టలుతికేవాళ్లు, గేదెలను కడిగేవాళ్లు రోజూ దిగుతారు. జనం దిగే ప్రతి రేవు దగ్గరా మెట్లు, పట్టుకోవడానికి ఇనుప గొలుసు, నీరు వదిలే ముందు ఊళ్లో చాటింపు ఉండాలి. లైనింగ్ పోసిననాడే ఇవీ అంచనాల్లో చేరాల్సింది.