అరగుండు వెనకాల ఎవరున్నారు?

పల్నాడు అనగానే జనానికి ముందు గుర్తొచ్చేది నాటుబాంబులు, ఎన్నికల రోజు మాచర్ల. కాస్త చరిత్ర చదివినవాళ్ళైతే బ్రహ్మనాయుడు, నాగమ్మ, కారంపూడి యుద్ధం అంటారు. శ్రీనాథుడంతటి వాడు కూడా ఆ సీమని వెక్కిరిస్తూ చాటువులు చెప్పాడని ప్రతీతి. కానీ మనవాళ్ళు వాట్సాప్‌లో రోజుకి వందసార్లు చూసే మొహం కూడా పల్నాడుదే అని ఎంతమందికి గుర్తుంటుంది? బ్రహ్మానందం గారిది సత్తెనపల్లి దగ్గర ముప్పాళ్ళ మండలం చాగంటివారిపాలెం. 2022లో నరసరావుపేట కేంద్రంగా కొత్త జిల్లా వచ్చాక కాగితాల మీద కూడా ఆయన పల్నాడు మనిషే.

అప్రైజల్ మెయిల్ వచ్చినా, శుక్రవారం సాయంత్రం ప్రొడక్షన్ పడిపోయినా, మన గ్రూపుల్లో ముందు పడేది బ్రహ్మానందం బొమ్మే. బాగానే ఉంది. అయితే ఆ బొమ్మ కింద ఉండే డైలాగు ఎవరు రాశారని అడిగితే మాత్రం పదిమందిలో తొమ్మిదిమంది నీళ్ళు నములుతారు. కోడ్‌లో ఒక్క లైను ఎవరు మార్చారో చూడ్డానికి 'గిట్ బ్లేమ్' కొట్టే జాతి మనది. నవ్వు దగ్గరకొచ్చేసరికి ఆ కుతూహలం ఏమైపోతుందో మరి!

సరే, ఒక్క సినిమా తీసుకుందాం. 'అహ నా పెళ్ళంట', 1987. పల్నాటి చరిత్రలో కోడి రెండుసార్లు పనిచేసింది. మొదటిసారి 12వ శతాబ్దంలో, కోడిపందెంలో ఓడి మాచర్ల వాళ్ళు వనవాసానికి పోయారని, అది చివరికి కారంపూడి యుద్ధం దాకా వెళ్ళిందని కథ. రెండోసారి ఈ సినిమాలో. పిసినారి లక్ష్మీపతి వేషంలో కోట శ్రీనివాసరావు కోడిని పైనుంచి వేలాడదీసి, దాన్ని చూస్తూ ఉత్త అన్నం తింటాడు. ఆ ఇంట్లో పనివాడు అరగుండు. అత్తిలిలో తెలుగు లెక్చరర్‌గా పనిచేసిన పల్నాటి కుర్రాడు ఆ వేషంతో రాత్రికి రాత్రి రాష్ట్రమంతా తెలిసిపోయాడు. 2009లో పద్మశ్రీ దాకా వెళ్ళాడు.

ఆ సంభాషణలు రాసి, సినిమా తీసింది జంధ్యాల. 1951లో నరసాపురంలో పుట్టి, బెజవాడలో నాటకాలు రాస్తూ పెరిగిన మనిషి. 'అడవి రాముడు' (1977), 'శంకరాభరణం' (1980) రెండిటికీ మాటలు ఈయనవే అంటే ఇప్పటికీ కొందరు నమ్మరు. 1981లో 'ముద్దమందారం'తో దర్శకుడయ్యాడు. ఆ తరవాత ఇరవయ్యేళ్ళే ఉన్నాడు. 2001 జూన్ 19న పోయేనాటికి ఆయనకి యాభయ్యేళ్ళు.

ఇక్కడితో ఆగితే కూడా అన్యాయమే. 'అహ నా పెళ్ళంట'కి మూలం ఆదివిష్ణు రాసిన 'సత్యంగారిల్లు' నవల. 'శ్రీవారికి ప్రేమలేఖ' (1984)కి మూలం పొత్తూరి విజయలక్ష్మి 'ప్రేమలేఖ'. 'చంటబ్బాయ్', 'రెండు రెళ్ళు ఆరు' (రెండూ 1986) మల్లాది వెంకటకృష్ణమూర్తి నవలలు. అంటే నవలాకారుడు, మాటల రచయిత, నటుడు.. ఇంతమంది చేతులు మారితే ఒక నవ్వు. మీమ్‌కి చేరేసరికి మిగిలింది ఆఖరి మనిషి మొహం.

ఇంగ్లండులో ఈ కథ వేరే రకంగా నడిచింది. రే గాల్టన్, అలన్ సింప్సన్ అనే ఇద్దరు కుర్రాళ్ళు 1948లో క్షయ శానిటోరియంలో కలిశారు. 1954లో బీబీసీ రేడియోకి 'హాంకాక్స్ హాఫ్ అవర్' రాయడం మొదలెట్టారు. 1956లో అది టీవీకి వెళ్ళింది. 1961లో హీరో టోనీ హాంకాక్ వీళ్ళిద్దరితో తెగతెంపులు చేసుకున్నాడు. వీళ్ళు మరుసటేడే పాతసామాన్ల వ్యాపారం చేసే తండ్రీకొడుకుల మీద 'స్టెప్టో అండ్ సన్' రాసి మళ్ళీ దేశాన్ని నవ్వించారు. హాంకాక్ మాత్రం వాళ్ళు రాసిచ్చిన రోజుల స్థాయిని మళ్ళీ అందుకోలేకపోయాడు. నటుడు గొప్పవాడే, కానీ నవ్వు పుట్టేది కాగితం మీదే అని అక్కడి జనానికి కళ్ళముందే రుజువైంది.

మనకి అలా ఎందుకు జరగలేదు? నాకు తోచిన కారణం ఇదీ. వారం వారం అరగంట హాస్యం రాసిపెట్టేవాళ్ళు బీబీసీకి కావాల్సొచ్చారు, కాబట్టి హాస్యం రాయడం ఒక ఉద్యోగమైంది. మనకున్నది ఒక్క ఆకాశవాణి. విజయవాడ కేంద్రం 1948లో వచ్చింది, గొప్ప నాటకాలూ వేసింది, సుత్తి వీరభద్రరావు లాంటి గొంతులు అక్కడినుంచే వచ్చాయి. కానీ హాస్యం రాసి బతకాలంటే చివరికి సినిమాకి పోవాల్సిందే. సినిమా ఎప్పుడూ తెరమీది వాళ్ళదే. అందుకే మన దగ్గర రచయితకి పేరు రావాలంటే తనే దర్శకుడవ్వాలి. జంధ్యాల అయ్యాడు, గుర్తున్నాడు. తరవాత త్రివిక్రమ్ అయ్యాడు, గుర్తున్నాడు. ఆదివిష్ణు అవలేదు.

టీవీలో ఒక్క ఆశ కనపడింది. 2001లోనే జెమినీలో గుణ్ణం గంగరాజు 'అమృతం' మొదలైంది, 2007 దాకా నడిచింది. ఆన్‌సైట్‌లో ఉన్న మనవాళ్ళు యూట్యూబ్‌లో ఇప్పటికీ చూస్తుంటారు. అక్కడ కూడా అంజి గుర్తున్నంతగా, ఆ మాటలు రాసినవాళ్ళు గుర్తులేరు.

ఇందులో బ్రహ్మానందం తప్పేం లేదు. 'ఢీ' (2007)లో చారి, 'రెడీ' (2008)లో మెక్‌డొవెల్ మూర్తి ఆయన చెయ్యకపోతే అలా పేలేవి కావు. అయితే ఆ రెండింటి వెనకా కోన వెంకట్, గోపీమోహన్ ఉన్నారు. ఓపెన్ సోర్స్‌లో ఒకడి కోడ్ తీసుకుంటే లైసెన్సు ఫైల్లో వాడి పేరు ఉంచుతాం. అది చట్టం కన్నా ముందు మర్యాద. యూట్యూబ్‌లో 'కామెడీ సీన్స్' అని ముక్కలు కోసి పెట్టేవాళ్ళు టైటిల్స్ కోసేస్తారు, ఆ మర్యాద అక్కడే పోతుంది. రాసినవాడి పేరు తెలీని చోట రేపు రాయడానికి ఎవడొస్తాడు?

ఈసారి అరగుండు బొమ్మ ఫార్వర్డ్ చేసేముందు కింద ఒక్క లైను కలపండి: మాటలు జంధ్యాల, మూలం ఆదివిష్ణు. పది సెకన్ల పని.