ఇసుకవాగుల శాసనము

పంజాబు దేశమున హోషియార్‌పురము జిల్లాను ఆనుకొని సివాలికు కొండలు వ్యాపించియున్నవి. పందొమ్మిదవ శతాబ్దిలో ఆ కొండలపై వృక్షములను నఱకుటయు, మేకలను గొఱ్ఱెలను విచ్చలవిడిగా మేపుటయు నానాటికి ప్రబలుటచేత, వేళ్ల పట్టు తప్పిన మన్ను వానకాలపు వఱదలలో కొట్టుకొని వచ్చి దిగువ పల్లెల పొలములలో ఇసుకమేటలై పేరుకొనసాగెను. వేసవిలో చుక్క నీరైన లేక, వర్షము కురిసినంతనే ఒడ్డు లొరసి పాఱు ఈ వాగులను అచ్చటివారు ‘చో’ లందురు. వీని బారినుండి సేద్యపు భూములను రక్షించుటకై 1900 సంవత్సరమున పంజాబు భూసంరక్షణ శాసనము పుట్టినది.

ఈ శాసనమునందు గమనింపదగిన విశేష మొకటి గలదు. ఇది భూమిని ప్రభుత్వపరము చేయలేదు. పట్టా రైతు పేరనే యుండును, గ్రామపు ఉమ్మడిభూమి గ్రామమునకే చెందును. కాని ప్రభుత్వము రాజపత్రమున ప్రకటించిన మేర లోపల చెట్టు కొట్టుటకు గాని, క్రొత్తగా నేల దున్నుటకు గాని, రాయి తీయుటకు గాని, పశువులను తోలుటకు గాని నిషేధము విధింపవచ్చును. స్వామ్య మొకరి చేతను, నిగ్రహము మఱియొకరి చేతను ఉండుటయే దీని బలము. కాలాంతరమున దీని దౌర్బల్యమును అదియే యైనది.

కొండవాగుల కొఱకు పుట్టిన ఈ శాసనము కాలక్రమమున ఢిల్లీ పొలిమేరనున్న ఆరావళి గుట్టలకును వర్తించినది. ఫరీదాబాదు చెంత అనంగపురమను గ్రామమున, తోమర రాజుల నాటిదని చెప్పబడు రాతికట్ట నేటికిని నిలిచియున్నది. ఆ గుట్టల క్వార్ట్జైటు శిలనే దిమ్మెలుగా మలచి, వరుసమీద వరుసగా పేర్చి, రెండు మిట్టల నడుమ వానజలమును నిలుపుటకు కట్టిన కట్ట యది. ఆ శిల నెఱ్ఱెలలో ఇంకిన నీరే దిగువ బావులకు ఆధారము. గనుల త్రవ్వకమును భూగర్భజలముల క్షయమును కలిసి, సమీపమందలి బడ్‌ఖల్ చెరువును ఈ శతాబ్దారంభమున ఎండగొట్టుట చూచినవారికి, ఈ గుట్టలపై నిషేధమేల యని వేఱుగా చెప్పనక్కఱలేదు.

అట్టి అనంగపురపు నేలలో ఒక చలనచిత్ర నిర్మాణశాలకును తదనుబంధ నిర్మాణములకును 1984లో హర్యానా పట్టణ ప్రణాళికాశాఖ మినహాయింపు నొసగినది. 1992 ఆగస్టు 18న అదే ప్రభుత్వము అటవీశాఖ ద్వారా ఆ నేలనే భూసంరక్షణ శాసనము క్రిందికి తెచ్చినది. అయినను ఇండ్లస్థలముల విక్రయము ఆగలేదు. కాంత్ ఎన్‌క్లేవ్ అను పేర భవనములు లేచినవి. కొన్నవారు చూచినది దస్తావేజు, చూడవలసినది రాజపత్రము.

ఈలోగా దేశపు అటవీ న్యాయమే మాఱినది. నీలగిరులలోని గూడలూరు అడవుల నాశనముపై నీలంబూరు వాసి గోదవర్మన్ తిరుములపాడు 1995లో వేసిన వ్యాజ్యమున, 1996 డిసెంబరు 12న సర్వోన్నత న్యాయస్థానము, యజమాని ఎవ్వరైనను, నిఘంటువు ప్రకారము అడవి యనదగినదెల్ల 1980 నాటి అటవీ పరిరక్షణ చట్టమునకు లోబడునని తీర్పిచ్చినది. 

2018 సెప్టెంబరు 11న జస్టిస్ మదన్ లోకూర్, జస్టిస్ దీపక్ గుప్తాలు 1992 ప్రకటన తరువాతి కాంత్ ఎన్‌క్లేవ్ కట్టడములను పడగొట్టవలసినదని ఆజ్ఞాపించిరి. ఇండ్లు కట్టుకొన్నవారికి 50 లక్షల రూపాయల చొప్పున పరిహారమును, నిర్మాణసంస్థయు పట్టణ ప్రణాళికాశాఖయు భరింపవలెననిరి. అనుమతించిన చేయియు దోషములో భాగియే యని పలికిన ఆ మాట తీర్పునకు ప్రాణము. మఱుసటి ఏట ఫిబ్రవరిలో హర్యానా శాసనసభ భూసంరక్షణ శాసనమునే సడలించుటకు బిల్లు నామోదింపగా, న్యాయస్థానము రోజులు గడవకమునుపే దాని అమలును అడ్డగించినది.

కాని 2021 జూన్ 7న అదే ఫరీదాబాదులోని ఖోరీ గ్రామమున సుమారు పదివేల ఇండ్లను ఆఱు వారములలో తొలగింపవలెనని ఆ న్యాయస్థానమునుండియే ఉత్తరువు వెలువడినప్పుడు త్రాసు మఱొక విధముగా మ్రొగ్గినది. గనిపనికై వచ్చి నిలిచినవారును, దళారులకు పైకము చెల్లించి జాగా కొన్నవారును అచ్చట నుండిరి. వారి చేత ఏ శాఖ ఇచ్చిన మినహాయింపు పత్రమును లేదు గనుక వారి నష్టమునకు సమాధానము చెప్పవలసిన శాఖయు లేకపోయెను. పునరావాసపు టిండ్లకు అధికారులు అర్హతాపత్రము లడిగిరి; వానకాలమున యంత్రములు వచ్చినవి.

2022 జూలై 21న న్యాయస్థానము ఈ శాసనపు నాలుగవ విభాగము క్రింద ప్రత్యేక ఉత్తరువులు గల భూములకు అటవీ పరిరక్షణ చట్టము వర్తించునని నిర్ణయించి సందేహమును తీర్చినది. సందేహము తీఱినను లోపము తీఱలేదు. అడవి నేల మీద ఇల్లు లేచుట ఒకనాటి పని గాదు. కొలతలు వేయువాడును, రిజిష్టరు చేయువాడును, విద్యుత్తు తీగ లాగువాడును తలయొక చేయి వేసినగాని గోడ నిలువదు. నిషేధము రాజపత్రమున దాగక, భూమి చేతులు మాఱు ప్రతి దస్తావేజునందును కనబడునట్లు చేసిననాడు ఈ శాసనము పునాదికి ముందే పనిచేయును. అంతవఱకు న్యాయస్థానము చేయునది రక్షణ కంటె శిక్షయే యధికము, ఆ శిక్షయు పత్రములు లేనివాని మీదనే మిక్కిలి బరువుగా పడును.