పాలమూరు గ్రామ అధ్యయనాలు - గణిత అర్థశాస్త్రం

గణిత అర్థశాస్త్రం అనగా ఆర్థిక సిద్ధాంతాలను ప్రమేయాలు, సమీకరణాలు, అసమీకరణాల రూపంలో వ్రాసి, వాటినుండి ఫలితాలను తర్కబద్ధంగా రాబట్టే శాస్త్రవిభాగం. పరిమితమైన వనరులతో గరిష్ఠ ప్రయోజనం పొందే మార్గాన్ని కనుగొనడం (అభిలషణీయత లేదా ఆప్టిమైజేషన్) ఇందులో ప్రధానమైన సమస్య. నష్టభయం, బీమా, పొదుపు గురించి ఈ శాస్త్రం చెప్పిన సిద్ధాంతాలు నిజజీవితంలో ఎంతవరకు నిలుస్తాయో పరీక్షించడానికి ప్రపంచంలోని అనేకమంది ఆర్థికవేత్తలు వాడిన సమాచారంలో ముఖ్యభాగం పాలమూరు (మహబూబ్ నగర్) జిల్లాకు చెందిన ఔరేపల్లి, దోకూరు గ్రామాలనుండి సేకరించబడింది. 2016లో జిల్లాల పునర్విభజన జరిగిన తరువాత ఔరేపల్లి ఉన్న మాడ్గుల మండలం రంగారెడ్డి జిల్లాలో చేరింది. దోకూరు మహబూబ్ నగర్ జిల్లా దేవరకద్ర మండలంలోనే ఉన్నది.

నేపథ్యం

మహబూబ్ నగర్, నల్గొండ జిల్లాలు దక్షిణ తెలంగాణ పీఠభూమిలోని మెట్టప్రాంతాలు. పాలమూరులో సాధారణ వార్షిక వర్షపాతం 600 మిల్లీమీటర్ల పరిసరాలలో ఉంటుంది. ఆ వర్షమైనా ఎప్పుడు మొదలగునో, మధ్యలో ఎన్ని వారాలు ముఖం చాటేయునో చెప్పలేము. ఎర్రనేలలలో తేమ ఎక్కువకాలం నిలువదు. ఆముదం, జొన్న, సజ్జ, కంది, వేరుశనగ మెట్టపంటలు కాగా, బావులు, చెరువుల క్రింద వరి పండిస్తారు. కృష్ణానది ఈ జిల్లాల అంచునే ప్రవహించినా, నాగార్జునసాగర్ ఎడమకాలువ వంటి ఆయకట్టు ప్రాంతాలు మినహా మిగిలినచోట్ల రైతు చాలాకాలం ఆకాశాన్నే నమ్ముకోవలసి వచ్చింది. "పాలమూరు లేబర్" అనే మాట దేశంలోని ఆనకట్టల పనులన్నిటిలో వినబడడానికి కారణం కూడా ఇదే. ఇటువంటి చోట నష్టభయం అనేది పుస్తకంలోని అధ్యాయం కాదు, ఏటేటా ఎదురయ్యే ప్రశ్న.

1972లో హైదరాబాదు సమీపంలోని పటాన్‌చెరులో ఇక్రిశాట్ (అంతర్జాతీయ మెట్టపంటల పరిశోధనా సంస్థ) ఏర్పడింది. కొత్త వంగడాలను రైతులు ఎందుకు స్వీకరిస్తారు, ఎందుకు నిరాకరిస్తారు అనే విషయం తెలుసుకోవడానికి ఆ సంస్థ ఆర్థికశాస్త్ర విభాగం 1975లో గ్రామస్థాయి అధ్యయనాలు ప్రారంభించింది. పాలమూరులో ఔరేపల్లి, దోకూరు, మహారాష్ట్ర షోలాపూర్ జిల్లాలో శిరాపూర్, కల్మన్, అకోలా జిల్లాలో కంజారా, కిన్‌ఖేడా గ్రామాలను ఇందుకు ఎంచుకున్నారు. ఒక్కొక్క గ్రామంలో 40 కుటుంబాలను తీసుకున్నారు. వీటిలో 30 సాగుదారుల కుటుంబాలు (చిన్న, మధ్యతరహా, పెద్ద రైతులు పదేసి చొప్పున), 10 భూమిలేని కూలీల కుటుంబాలు. పరిశోధకులు గ్రామంలోనే కాపురముండి, కొన్ని వారాలకొకసారి ప్రతి ఇంటికి వెళ్ళి పంట, కూలి, అప్పు, తిండి, పశువులు, పెళ్ళిఖర్చు మొదలైనవన్నీ వ్రాసుకునేవారు. ఔరేపల్లి, శిరాపూర్, కంజారాలలో ఈ పని 1985 వరకు పదేళ్ళపాటు ఎడతెగకుండా సాగింది. ఒకే కుటుంబాన్ని ఇంతకాలం ఇంత దగ్గరగా గమనించిన లెక్కలు ఆనాటి పేదదేశాలలో చాలా అరుదు. అందువల్లనే ఇవి ఇంత ప్రసిద్ధి పొందినవి.

రేఖీయ ప్రణాళిక

అభిలషణీయత పద్ధతులలో విద్యార్థులకు అందరికంటె పరిచితమైనది రేఖీయ ప్రణాళిక (లీనియర్ ప్రోగ్రామింగ్). సోవియట్ యూనియన్‌లో లియొనిద్ కాంతొరోవిచ్ 1939లో దీనికి పునాది వేయగా, 1947లో అమెరికాలో జార్జ్ డాంట్జిగ్ సింప్లెక్స్ పద్ధతిని కనిపెట్టాడు. కాంతొరోవిచ్, కూప్‌మన్స్‌లకు 1975లో అర్థశాస్త్ర నోబెల్ బహుమతి లభించింది. డాంట్జిగ్‌కు అందులో భాగం ఇవ్వకపోవడం నేటికీ చాలామందికి మింగుడుపడని విషయం. ఈ రంగంలో పేరుపొందిన తెలుగువారిలో మిషిగన్ విశ్వవిద్యాలయ ఆచార్యుడు కట్టా గోపాలకృష్ణ మూర్తి ముఖ్యుడు. 1963లో ముగ్గురు సహరచయితలతో కలసి ఆయన సంచార విక్రేత సమస్యపై వ్రాసిన పత్రం ఈ శాస్త్రంలో మైలురాయి.

ఉదాహరణకు ఒక రైతుకు 6 ఎకరాల భూమి, బావిలో 24 పాళ్ళ నీరు ఉన్నవనుకుందాము (ఈ అంకెలు కేవలం లెక్కకోసం ఊహించినవి). ఎకరా వరికి 10 పాళ్ళ నీరు, ఎకరా ఆముదానికి 1 పాలు నీరు కావాలి. ఎకరాకు లాభం వరిలో 9 వేలు, ఆముదంలో 4 వేలు. వరి ఎకరాలు "వ", ఆముదం ఎకరాలు "ఆ" అనుకుంటే సమస్య ఇలా ఉంటుంది:

లక్ష్య ప్రమేయం: 9వ + 4ఆ గరిష్ఠం కావాలి
భూమి నిబంధన: వ + ఆ ≤ 6
నీటి నిబంధన: 10వ + ఆ ≤ 24
వ, ఆ రుణాత్మకం కారాదు

ఈ నిబంధనలన్నిటినీ పాటించే ప్రాంతం ఒక బహుభుజి. గరిష్ఠ విలువ దాని శీర్షాలలో ఒకదానివద్ద తప్పక లభిస్తుంది. వరి మాత్రమే వేస్తే 2.4 ఎకరాలకే నీరు అయిపోయి 21.6 వేలు, ఆముదం మాత్రమే వేస్తే 24 వేలు వస్తాయి. రెండు నిబంధనల రేఖలు కలిసే చోట 2 ఎకరాల వరి, 4 ఎకరాల ఆముదం వేస్తే 34 వేలు. ఇదే ఉత్తమ సాధన.

ఇంతకంటె విలువైన సంగతి ఈ సమస్యకు జంటగా ఉండే ద్వంద్వ సమస్యలో దొరుకుతుంది. నీరు ఇంకొక్క పాలు అదనంగా ఉంటే లాభం సుమారు 556 రూపాయలు పెరుగుతుంది. భూమి ఇంకొక ఎకరా ఉంటే సుమారు 3,444 రూపాయలు పెరుగుతుంది. వీటిని ఛాయా ధరలు అంటారు. బజారులో నీటికి ధర లేకపోయినా, రైతుకు దాని విలువ ఎంతో ఈ లెక్క చెబుతుంది. కాలువ మొదట్లో ఉన్నవాడు నీరు పుష్కలంగా పారించుకొనగా, చివరి ఆయకట్టువాడు ఎండిన మడి చూచుకొనే చోట ఛాయా ధర మొదట్లో సున్నాకు దగ్గరగా, చివర్లో చాలా ఎక్కువగా ఉంటుంది. ఈ రెండు ధరలకు మధ్యగల అంతరమే పంపిణీలో జరిగే వృథాకు కొలత.

అయితే పై లెక్కలో ఒక పెద్ద లోపమున్నది. లాభం 9 వేలు, 4 వేలు అని ముందుగానే తెలిసినట్లు భావించాము. పాలమూరులో ఏ రైతుకూ అది తెలియదు.

నష్టభయం కొలిచిన ప్రయోగం

అనిశ్చితిలో మనిషి సగటు రాబడిని కాక సగటు ప్రయోజనాన్ని గరిష్ఠం చేసుకుంటాడని డేనియల్ బెర్నౌలీ 1738లో ప్రతిపాదించాడు. ఫాన్ నాయ్‌మన్, మోర్గెన్‌స్టెర్న్‌లు 1944లో దీనికి స్వీకృతాల పునాది కట్టారు. క్షీణోపాంత ప్రయోజన సూత్రం ప్రకారం చేతికి వచ్చే పదో రూపాయి కంటె నూరో రూపాయి ఇచ్చే తృప్తి తక్కువ. కాబట్టి మనిషి నష్టభయానికి విముఖుడు.

ఈ విముఖత ఎంత అని అడిగినవాడు హాన్స్ బిన్స్‌వాంగర్. ఇక్రిశాట్ గ్రామాలలో ఆయన నిజమైన డబ్బుతో నాణెం ఎగురవేసే ఆటలు ఆడించి, ఫలితాలను 1980లో ప్రచురించాడు. పందెం అర్ధరూపాయి స్థాయిలో మొదలై 50 రూపాయల స్థాయికి చేరింది. ఆ కాలపు కూలిరేట్లతో పోలిస్తే ఇది చాలా పెద్దమొత్తం. 500 రూపాయల ఆట మాత్రం ఊహామాత్రంగా అడిగినది. 50 రూపాయల ఆటలో ఉన్న ఎంపికలలో కొన్ని ఇవి: బొమ్మ పడినా బొరుసు పడినా 50, లేదా 45, 95, లేదా 40, 120, లేదా 30, 150, లేదా 10, 190, లేదా 0, 200. వీటి సగటులు వరుసగా 50, 70, 80, 90, 100, 100. సగటును మాత్రమే చూచేవాడు చివరి రెండింటిలో ఒకటి కోరుకోవాలి. ప్రయోజనాన్ని సంవర్గమానంతో కొలిచేవాడు రెండు మొత్తాల లబ్ధానికి వర్గమూలం ఎక్కడ ఎక్కువో అది కోరుకుంటాడు. 40, 120లకు అది సుమారు 69.3, 30, 150లకు 67.1, 45, 95లకు 65.4, 10, 190లకు 43.6 మాత్రమే. కనుక అతని ఎంపిక 40, 120.

పందెం పెద్దదయ్యేకొద్దీ దాదాపు అందరూ మధ్యస్థమైన విముఖత గల ఎంపికలకే చేరుకున్నారు. పేదవారికి, ధనికులకు మధ్య తేడా స్వల్పమని తేలడం ఇందులోని అసలు విశేషం. పేదరైతు భయస్థుడు కనుక కొత్త విత్తనం వేయడు అనే అభిప్రాయం అప్పట్లో గట్టిగా ఉండేది. మనస్తత్వం ఒకటే అయినప్పుడు నడవడిలోని తేడాకు కారణం అప్పు పుట్టకపోవడం, నిల్వధనం లేకపోవడం వంటి బయటి నిబంధనలలో వెదకాలి. గణితభాషలో చెప్పాలంటే తేడా లక్ష్య ప్రమేయంలో లేదు, నిబంధనలలో ఉన్నది.

మార్క్ రోజెన్‌జ్వైగ్, బిన్స్‌వాంగర్ 1993లో దీనికి మరొక రుజువు చూపారు. వర్షం మొదలయ్యే తేదీలోని అనిశ్చితి ఒక ప్రామాణిక విచలనం పెరిగితే అత్యంత పేద నాల్గవవంతు రైతుల లాభం సుమారు 35 శాతం తగ్గుతుండగా, అత్యంత ధనిక రైతులపై దాని ప్రభావం దాదాపు లేదు. పేదవాడు ముందుగానే తక్కువ ప్రమాదంతో పాటు తక్కువ రాబడి గల మార్గం ఎంచుకొని, భద్రత కోసం ఆ మూల్యం చెల్లిస్తున్నాడన్నమాట.

గ్రామమే బీమా సంస్థయా?

రాబర్ట్ టౌన్‌సెండ్ 1994లో "ఎకనోమెట్రికా" పత్రికలో ప్రచురించిన పత్రం ఈ అధ్యయనాలన్నిటిలోకి ప్రసిద్ధమైనది. దాని ఆధారం ఒక అభిలషణీయత సమస్య. గ్రామంలోని కుటుంబాల ప్రయోజనాలకు భారాలు ఇచ్చి వాటి మొత్తాన్ని గరిష్ఠం చేయాలి. ఊరి మొత్తం వినియోగం ఊరికి ఉన్న వనరులను మించరాదు. లాగ్రాంజ్ గుణకాల పద్ధతిలో సాధిస్తే, ప్రతి కుటుంబపు ఉపాంత ప్రయోజనాన్ని దాని భారంతో గుణించిన విలువ అందరికీ సమానం కావాలని వస్తుంది. దీనినుండి ఒక ఆశ్చర్యకరమైన ఫలితం పుడుతుంది. ఊరి మొత్తం వినియోగం తెలిసిన తరువాత ఒక ఇంటి స్వంత ఆదాయం పెరిగినా తగ్గినా ఆ ఇంటి తిండి మారకూడదు. ఇంటిపెద్ద జబ్బుపడితే పాలివాళ్ళు, చుట్టాలు, చేబదుళ్ళు ఆ లోటు పూడ్చాలి.

ఔరేపల్లి, శిరాపూర్, కంజారా లెక్కలతో పరీక్షించగా ఈ సిద్ధాంతం గణాంకపరంగా పూర్తిగా నిలువలేదు. అయినా అనుకున్నదానికంటె సత్యానికి దగ్గరగా ఉన్నది. ఇంటి వినియోగం ఊరి సగటుతోపాటే పెరిగి తగ్గుతోంది, స్వంత ఆదాయపు ప్రభావం తక్కువ. మూడింటిలో ఒక గ్రామంలో భూమిలేనివారికి ఈ రక్షణ ఇతరులకంటె తక్కువగా ఉన్నట్లు తేలింది. వినియోగాన్ని లెక్కించిన తీరులోనే లోపమున్నదని, సరిచేస్తే స్వంత ఆదాయపు ప్రభావం ఎక్కువగా కనబడునని రవాలియన్, చౌధురి 1997లో వాదించారు. ఇచ్చినమాట తప్పే అవకాశాన్ని కూడా నమూనాలో చేర్చి లిగాన్, థామస్, వరల్ 2002లో మెరుగైన వివరణ ఇచ్చారు.

ఊరంతా ఒకేసారి ఎండిపోతే ఈ ఏర్పాటు పనిచేయదని గమనించాలి. కరవులో అప్పిచ్చేవాడు కూడా అప్పుకోసం తిరుగుతుంటాడు. అందుకు ఊరి బయట ఆధారం కావాలి. ఆడపిల్లలను దూరపు ఊళ్ళకు ఇవ్వడం వెనుక ఇటువంటి లెక్క కూడా ఉన్నదని రోజెన్‌జ్వైగ్, స్టార్క్ 1989లో ఈ సమాచారంతోనే చూపారు. వేర్వేరు చోట్ల వియ్యంకులున్నవారి వినియోగంలో ఒడిదుడుకులు తక్కువట. పెళ్ళిళ్ళను కేవలం ఈ కోణంలో చూడడం మనకు ఎబ్బెట్టుగా తోచినా, "కరవొస్తే అల్లుడి ఊరికి పోవడం" పాలమూరు పెద్దలకు కొత్తవిషయమేమీ కాదు.

మిగిలిన ఆధారం ఎద్దులు. రోజెన్‌జ్వైగ్, వోల్పిన్ 1993లో ఎద్దుల కొనుగోలు, అమ్మకాలను గతిశీల ప్రణాళిక (డైనమిక్ ప్రోగ్రామింగ్) సమస్యగా వ్రాశారు. రిచర్డ్ బెల్‌మన్ 1950లలో రూపొందించిన ఈ పద్ధతిలో నేటి నిర్ణయం రేపటి అవకాశాలను ఎలా మారుస్తుందో వెనుకనుండి లెక్కగడతారు. ఈ ఏడు తిండికోసం ఎద్దును అమ్మితే వచ్చే ఏడు దుక్కి దున్నడానికి ఉండదు. అప్పు పుట్టని రైతుకు అది తెలిసి చేసే పనే. జాకోబీ, స్కౌఫియాస్ 1997లో చూపినట్లు, అనుకోని నష్టం వచ్చినప్పుడు కొన్ని ఇళ్ళలో పిల్లలు బడి మానడం కూడా ఈ కోవలోనిదే.

వర్షాధార బీమా

ఊరంతటికీ వచ్చే నష్టానికి ఊరి బయటి బీమా కావాలన్న సిద్ధాంతానికి ఆచరణరూపం 2003లో మహబూబ్ నగర్ జిల్లాలోనే వచ్చింది. ప్రపంచబ్యాంకు సాంకేతిక సహాయంతో ఐసీఐసీఐ లాంబార్డ్ సంస్థ, బేసిక్స్ సూక్ష్మఋణ సంస్థ కలసి 230 మంది వేరుశనగ, ఆముదం రైతులకు వర్షపాత బీమా అమ్మాయి. ఇందులో పంటనష్టాన్ని ఎవరూ వచ్చి చూడరు. నిర్ణీత వర్షమాపక కేంద్రంలో వాన ఇన్ని మిల్లీమీటర్లకు తగ్గితే ఇంత అని చెల్లిస్తారు. తనిఖీఖర్చు, మోసం రెండూ తప్పుతాయి. కాని మాపకం వద్ద వాన పడి, రైతు చేనులో పడకపోతే పరిహారం రాదు.

జినే, టౌన్‌సెండ్, వికరీ 2008లో ప్రచురించిన పరిశీలనలో సిద్ధాంతానికి విరుద్ధమైన ఫలితం వచ్చింది. నష్టభయ విముఖత ఎక్కువ ఉన్నవారే బీమా ఎక్కువగా కొనాలి; కాని వారే తక్కువగా కొన్నారు. బేసిక్స్‌తో ముందే పరిచయమున్నవారు ఎక్కువగా కొనగా, చేతిలో డబ్బులేనివారు, పథకం అర్థం కానివారు దూరంగా ఉన్నారు. విత్తనాలు, ఎరువులు కొనవలసిన తొలకరి సమయంలోనే బీమా రుసుము కూడా కట్టవలసి రావడం చిన్నవిషయం కాదు. అర్థంకాని కాగితాన్ని కొనడం రైతు దృష్టిలో మరొక పందెమే. అయితే బీమా చేతికి ఉచితంగా వచ్చిన రైతులు ఆముదం, వేరుశనగ వంటి వర్షంపై ఆధారపడే వాణిజ్య పంటలకు ఎక్కువ పెట్టుబడి పెట్టినట్లు కోల్, జినే, వికరీలు 2017లో ప్రచురించిన ప్రయోగం చూపింది.

తరువాతి కాలం

1985 తరువాత ఆగిన గ్రామ అధ్యయనాలు 2001 నుండి పరిమితంగా, 2009 నుండి గేట్స్ ఫౌండేషన్ సహాయంతో విస్తృతంగా తిరిగి జరిగాయి. తొలి పదేళ్ళ ఫలితాలను వాకర్, రయాన్ 1990లో గ్రంథరూపంలో సమీక్షించారు.