బాబీ డ్రిస్కాల్: మొటిమలు చెప్పని కథ

హాలీవుడ్ బాలనటుడు బాబీ డ్రిస్కాల్ గురించి రాసేవాళ్లు ఎక్కువగా చివరి నుంచే మొదలుపెడతారు. 1968 మార్చి 30న న్యూయార్క్ ఈస్ట్ విలేజ్‌లో పాడుబడ్డ భవనంలో శవం దొరకడం, ఎవరో తెలియక హార్ట్ ఐలండ్‌లో అనాథ శవాలతో పాటు పూడ్చిపెట్టడం, మరుసటి ఏడాది వేలిముద్రలతో ఆనవాలు పట్టడం. ఆ చావుకు కారణం వెతుక్కుంటూ వెనక్కి వెళ్లి, పదహారేళ్లకు ముఖాన మొటిమలు లేచాయి, డిస్నీ వదిలించుకుంది, అక్కడితో అతని పని అయిపోయిందని తేల్చేస్తారు. ఇంత పలచటి కారణం మీద ఒక జీవితాన్ని నిలబెట్టడం నాకు అన్యాయంగా తోస్తుంది.

తొలి దశ అందరికీ తెలిసినదే. 1937లో అయోవా రాష్ట్రంలోని సీడార్ ర్యాపిడ్స్‌లో పుట్టాడు. కుటుంబం కాలిఫోర్నియా చేరింది. 1943లో ‘లాస్ట్ ఏంజెల్’లో చిన్న వేషం, 1946లో ‘సాంగ్ ఆఫ్ ద సౌత్’లో ప్రధాన పాత్ర. అతనూ లువానా ప్యాటెన్ అనే పాపా డిస్నీ కాంట్రాక్టు మీద పెట్టుకున్న తొలి నటులు. ఆర్.కె.ఓ. సంస్థ అతన్ని అరువు తీసుకుని తీసిన ‘ది విండో’ 1949లో వచ్చింది. మరుసటి మార్చిలో అకాడమీ వారి బాలనటుల ప్రత్యేక పురస్కారం అందింది.

అసలు చూడవలసినది 1949 నుంచి 1953 దాకా గడిచిన కాలం. యుద్ధం తరువాత హాలీవుడ్ కంపెనీలు బ్రిటన్‌లో సంపాదించిన డబ్బును పూర్తిగా బయటికి తెచ్చుకునే వీలు లేకపోయింది. అక్కడ చిక్కుకున్న సొమ్మును అక్కడే ఖర్చుపెట్టాలి. బొమ్మలు కలవకుండా డిస్నీ పూర్తిగా నటులతో తీసిన తొలి చిత్రం ‘ట్రెజర్ ఐలండ్’ ఇంగ్లండ్‌లో తయారవడానికి కారణం ఇదే. జిమ్ హాకిన్స్ వేషానికి వెళ్లిన బాబీకి అక్కడ పనిచేసే అనుమతి సరిగా లేదని తేలింది. జరిమానా పడింది. దొరికిన కొద్ది వారాల గడువులో దర్శకుడు బైరన్ హాస్కిన్ కుర్రాడి క్లోజప్పులన్నీ హడావుడిగా తీసుకున్నాడు. మిగిలిన చోట్ల మరో పిల్లవాణ్ణి నిలబెట్టి ముగించాడు. ఆ తరువాత డిస్నీ నటులతో తీసిన మూడు చిత్రాలూ, రాబిన్ హుడ్ కథ, ‘ద స్వోర్డ్ అండ్ ద రోజ్’, ‘రాబ్ రాయ్’, బ్రిటన్‌లోనే తయారయ్యాయి. మూడింటిలోనూ నాయకుడు రిచర్డ్ టాడ్. అమెరికన్ కుర్రాడికి అక్కడ చోటెక్కడిది?

మొటిమల సంగతి కట్టుకథని నేననడం లేదు. టీవీలో కనిపించడానికి దట్టమైన మేకప్ వేయవలసి వచ్చిన మాట నిజమే. కానీ బొమ్మల చిత్రం ‘పీటర్ పాన్’కు ముఖంతో పనిలేదు. అతను గొంతు ఇచ్చాడు, బొమ్మలు గీసేవాళ్ల కోసం నటించి చూపాడు. ఆ సినిమా 1953 ఫిబ్రవరిలో విడుదలైంది, కాంట్రాక్టు మార్చిలో రద్దయింది. అప్పటికి అతని కోసం సంస్థ దగ్గర మరో పని లేదు. మొటిమలు ఆ నిర్ణయాన్ని తేలిక చేసి ఉండవచ్చు, దాన్ని పుట్టించినవి అవే అంటే మాత్రం నేను ఒప్పుకోను.

అక్కడితో నటన ఆగిపోలేదు కూడా. యాభైల పొడుగునా టీవీ వేషాలు వేశాడు. 1955లో ‘ద స్కార్లెట్ కోట్’, 1958లో ‘ద పార్టీ క్రాషర్స్’ సినిమాలు ఉన్నాయి. తెర మీద కంటే బడిలో తగిలిన దెబ్బ పెద్దది. నటుల పిల్లలు చదివే బడి మాన్పించి మామూలు హైస్కూల్లో వేస్తే, తోటివాళ్లు సినిమా కుర్రాడని ఏడిపించారు. మత్తుమందులు ఆ వయసులోనే అంటుకున్నాయి. 1956లో అరెస్టు, 1961లో చీనో జైల్లో చికిత్స, 1965లో న్యూయార్క్. అక్కడ చిత్రకారుడు ఆండీ వార్హోల్ బృందంతో తిరిగాడు, పియరో హెలిక్జర్ తీసిన ‘డర్ట్’ చిత్రంలో కనిపించాడు.

అందుకే బాలనటుల రక్షణకు ఈ రోజు ఉన్న ఏర్పాట్లు నాకు తృప్తినివ్వవు. కాలిఫోర్నియాలో బాలనటుల సంపాదనను కాపాడే కూగన్ చట్టం 1939 నుంచే ఉంది. మన దేశంలో 2017 నిబంధనలు రోజుకు అయిదు గంటలకు మించి పని వద్దన్నాయి, ఆదాయంలో కనీసం 20 శాతం పిల్లవాడి పేర బ్యాంకులో వేయమన్నాయి. మంచివే, ఉండవలసినవే. అయితే అవి షూటింగ్ జరిగే రోజులకూ డబ్బుకూ కాపలా. వేషాలు ఆగిన ఏడాది ఆ పిల్లవాడు ఏ బడిలో కూర్చుంటాడో, అక్కడ అతన్ని ఎవరు కనిపెట్టి ఉంటారో చూసే బాధ్యత నిర్మాత మీద పెట్టలేదు.

నటుడిగా బాబీకి దక్కవలసిన అంచనా కూడా దక్కలేదు. నల్లవాళ్లను చూపిన తీరు వల్ల ‘సాంగ్ ఆఫ్ ద సౌత్’ను డిస్నీ బయటపెట్టడం లేదు, ఆ నిర్ణయంతో నాకు పేచీ లేదు. ‘ది విండో’కు అలాంటి అడ్డేమీ లేదు. హత్యను కళ్లారా చూసి చెప్పినా, అబద్ధాలకోరని పేరుపడ్డందువల్ల ఎవరూ నమ్మని పిల్లవాడి భయాన్ని అందులో ఎక్కడా అతి లేకుండా నిలబెట్టాడు. అతని శవం గురించి పేజీలు నింపినవాళ్లు ఆ నటన గురించి ఒక పేరా అయినా రాయవలసింది.