ఆరు పెన్నీల కోసం

సమ్మె అనగానే జెండాలూ ఉపన్యాసాలూ గుర్తొస్తాయి. నాకు మాత్రం ముందు పొయ్యి గుర్తొస్తుంది. 1889లో లండన్ రేవు కూలీల సమ్మె గురించి చదువుతున్నా అదే ధ్యాస.

పొద్దున్నే రేవు గేటు దగ్గర వందలమంది తోసుకునేవారు. మేస్త్రీ పిలిచినవాడికే పని, అదీ ఒక్కోసారి గంటో రెండు గంటలో. గంటకు 5 పెన్నీలు. దాన్ని 6 చెయ్యండి, పిలిస్తే కనీసం 4 గంటలు పనివ్వండి అన్నారు. గొంతెమ్మ కోరికలేం కావు కదా!

ఆగస్టు 14న పని ఆగింది. కుళ్ళిన ఉల్లిపాయలు, చేపతలకాయలు కర్రలకు గుచ్చి, తాము తినే తిండి ఇదని ఊరంతా ఊరేగించారు. ఆడవాళ్ళేం తక్కువ తినలేదు. సమ్మె తేలేదాకా అద్దె ఇచ్చేది లేదని ఇళ్ళ యజమానులకు చెప్పేశారు. అంతకు ముందు ఏడాదే ఆ పేటల్లోని అగ్గిపెట్టెల ఫ్యాక్టరీ ఆడపిల్లలు సమ్మె చేసి గెలిచారు మరి! కారల్ మార్క్స్ కూతురు ఎలినార్ సమ్మె ఆఫీసులో కూర్చుని ఉత్తరాలు రాసింది.

డబ్బు నిండుకునే వేళకు ఆస్ట్రేలియా నుంచి 30,000 పౌన్లకు పైగా చందాలొచ్చాయి. అయిదో వారానికి యజమానులు దిగొచ్చారు. చేతిపని రాని కూలీలకు సంఘాలేమిటన్నవాళ్ళ కళ్ళముందే అలాంటి సంఘాలు బలపడ్డాయి.

సెప్టెంబరు 16న అందరూ పనిలోకి వెళ్ళారు. పెంచిన కూలి మాత్రం నవంబరు 4 నుంచి! అందాకా ఆ పాత 5 పెన్నీలతోనే ఇల్లు గడవాలి. ఎవరు గడిపి ఉంటారో మీకు వేరే చెప్పాలా?