రాజవొమ్మంగి నుంచి లోక్‌సభకు

1922 ఆగస్టు 24. రాజవొమ్మంగి. మన్యంలో ముసురు రోజులు. కాలు పెడితే బురద, తీస్తే జలగ. ఠాణాలో గిరిజన నాయకుడు మొట్టడం వీరయ్యదొర బందీగా ఉన్నాడు. అడవిలోంచి దిగుతున్న దళం ఆయన కోసమే వస్తోంది.

మొన్న చింతపల్లి ఠాణా. నిన్న కృష్ణదేవిపేట. ఇవాళ ఇది మూడోది. దళాన్ని నడిపిస్తున్నది నరసాపురం టేలర్ హైస్కూల్లో చదివిన కుర్రాడు, అల్లూరి సీతారామరాజు. ఆయన వెంట నిలిచినవాళ్లలో బట్టిపనుకుల అన్నదమ్ములిద్దరున్నారు. అన్న గాం గంటందొర. తమ్ముడు మల్లుదొర.

ఈ అన్నదమ్ములకి సర్కారు మీద అంత కసి ఎందుకు? గూడెం డిప్యూటీ తాసిల్దారు బాస్టియన్ గంటందొర ముఠాదారీ, అంటే కొండ ఊళ్ల మీద పెత్తనం, ఊడగొట్టాడు. నర్సీపట్నం నుంచి లంబసింగి మీదుగా వేసే రోడ్డుకి గిరిజనుల్ని తోలుకెళ్లి రాళ్లు మోయించాడు. కూలి అరకొర, అడిగితే దెబ్బలు. అడవి చట్టాలేమో పోడు కొడితే నేరమన్నాయి. కింద డెల్టాలో కాలవ నీళ్లకి వరి పచ్చగా ఊగుతుంటే, పైన కొండమీద తాతలనాటి నేలలో గింజ చల్లినవాడు దొంగయ్యాడు. ఇక మిగిలింది ఒక్కటే దారి.

ఠాణా వశమైంది. వీరయ్యదొర బయటికొచ్చాడు. మూడు రోజులు, మూడు ఠాణాలు, 26 తుపాకులు, రెండున్నర వేల తూటాలు. పట్టుకెళ్లింది దొంగచాటుగా కాదు, లెక్క రాసి మరీ.

తెల్లదొరలు ఊరుకుంటారా?

సెప్టెంబరు 24. దామనపల్లి ఘాట్. ఇరుకు దారి, రెండు వైపులా చెట్లు, పొదల్లో ఊపిరి బిగబట్టిన దళం. ముందు నడిచే నల్ల పోలీసుల్ని పోనిచ్చారు. వెనక తెల్ల అధికారులు స్కాట్ కవర్డ్, హైటర్. అప్పుడు పేలాయి తుపాకులు. ఇద్దరూ అక్కడే ఒరిగిపోయారు. మలబారు పోలీసులు దిగారు, తర్వాత అస్సాం రైఫిల్స్ దిగింది. రాజు తలకి 10,000 రూపాయలు వెలకట్టారు. ఊరూరా సోదాలు. అన్నం పెట్టినవాడిక్కూడా జైలే. వల బిగుస్తోంది.

1923 సెప్టెంబరులో నడింపాలెంలో మల్లుదొర చిక్కాడు.

బయట పోరు ఇంకా ఆగలేదు. 1924 మే 7న రాజుని కాల్చేశారు. జూన్‌లో గంటందొర పోయాడు. తమ్ముడు గోడల వెనకే ఉన్నాడు. కోర్టు, శిక్ష, ఏళ్లకేళ్లు చెర. మల్లుదొర కథ అయిపోయిందనే అనుకుంటాం.

అవలేదు. దేశానికి స్వాతంత్ర్యం వచ్చింది. మొదటి సార్వత్రిక ఎన్నికలొచ్చాయి. అప్పట్లో కొన్ని పార్లమెంటు స్థానాలకి ఇద్దరేసి సభ్యులు. విశాఖపట్నం అలాంటిదే, అందులో ఒక సీటు గిరిజనులది. కాంగ్రెస్ గాలి జోరుమీదున్న రోజులు, జెండా పట్టుకున్నవాడే నాయకుడు. 1952లో ఆ గాలికి ఎదురు నిలిచి అక్కడ ఇద్దరూ ఇండిపెండెంట్లే గెలిచారు. ఒకరు లంకా సుందరం. రెండోవారు, ఒకప్పుడు సర్కారు ఠాణాల మీద పడి తుపాకులు ఎత్తుకెళ్లిన గాం మల్లుదొర.