పువ్వుకు పేరుంది, కుండకు లేదు: సింగపూర్‌లో మట్టిపాత్రల, పూల చరిత్ర

సింగపూర్ పడమటి అంచున జాలన్ బహార్ అనే ప్రాంతం ఉంది. ఒకవైపు సాంకేతిక విశ్వవిద్యాలయం, మరోవైపు కొత్తగా లేచిన పరిశోధనా సంస్థల అద్దాల భవనాలు. వాటి నడుమ చెట్ల చాటున, వాలు నేల మీద, ఇటుకలతో కట్టిన పొడవాటి సొరంగం ఒకటి కనిపిస్తుంది. దిగువన నోరు, ఎగువన తోక, వెన్ను పొడవునా రెండు పక్కలా చిన్న చిన్న రంధ్రాలు. చైనీయులు దీనిని డ్రాగన్ బట్టీ అంటారు. థావ్ క్వాంగ్ కుటుంబ కుండల కార్ఖానాకు చెందిన ఈ బట్టీని 1940లో కట్టారు. దీనికి సమీపంలోనే 1958లో కట్టిన గువాన్ హ్వాత్ బట్టీ ఉంది. ఒకప్పుడు ఈ ద్వీపంలో ఇటువంటి బట్టీలు ఎన్నో ఉండేవి. ఇప్పుడు మిగిలినవి ఈ రెండే.

సింగపూర్ పేరు చెప్పగానే ఆర్కిడ్ పువ్వు గుర్తుకు వస్తుంది. ఆ పువ్వు ఏ సంవత్సరంలో పుట్టింది, ఎవరి తోటలో పూసింది, ఏ పత్రికలో దాని వర్ణన మొదట అచ్చయింది అన్న వివరాలన్నీ చరిత్రలో నమోదై ఉన్నాయి. ఆర్కిడ్లను పెంచిన కుండలను చేసిన చేతుల గురించి మాత్రం దాదాపు ఏమీ నమోదు కాలేదు. పువ్వు చరిత్రను, పాత్ర చరిత్రను పక్కపక్కన పెట్టి చూస్తే, ఒక సమాజం ఎవరి శ్రమను గుర్తుంచుకుంటుంది, ఎవరిది మరచిపోతుంది అన్న ప్రశ్న తలెత్తుతుంది.

పువ్వు కథ

ఆగ్నెస్ జోక్విమ్ (1854–1899) సింగపూర్‌లో స్థిరపడిన ఆర్మేనియన్ కుటుంబంలోని స్త్రీ. తోటపనిలో ఆమెకు మంచి పేరుండేది. ఆమె పెంచిన ఒక కొత్త ఆర్కిడ్‌ను అప్పటి బొటానిక్ గార్డెన్స్ అధిపతి హెన్రీ రిడ్లీ పరిశీలించి, 1893లో లండన్ నుంచి వెలువడే 'గార్డెనర్స్ క్రానికల్'లో వర్ణించాడు. రెండు జాతుల వాండా మొక్కలను ఆమె సంకరం చేసి దీనిని సాధించిందని చెబుతూ, ఆమె పేరుతోనే దానిని వాండా మిస్ జోక్విమ్ అని పిలిచాడు. 1899 పుష్ప ప్రదర్శనలో ఆ పువ్వుకు బహుమతి లభించింది. అదే సంవత్సరం జులైలో ఆమె కన్నుమూసింది.

1981 ఏప్రిల్‌లో ఈ పువ్వును సింగపూర్ జాతీయ పుష్పంగా ప్రకటించారు. ఏడాది పొడవునా పూయడం, మండుటెండను తట్టుకుని నిలబడటం దీని ప్రత్యేకతలు. అయితే పువ్వుకు ఆమె పేరు నిలిచినా, ఆ పువ్వును సృష్టించిన గౌరవం ఆమెకు నిర్వివాదంగా దక్కలేదు. అది ఆమె చేసిన సంకరం కాదని, తుమ్మెదలు చేసిన పరాగ సంపర్కం వల్ల తోటలో దానంతట అది పుట్టి ఉంటుందని, ఆమె కేవలం దానిని గుర్తించిందని ఇరవయ్యో శతాబ్దంలో కొందరు వాదించారు. ఆమె వంశీకులు, చరిత్రకారులు పాత పత్రాలను వెదికి ఈ వాదాన్ని ఖండించారు. చివరకు 2016లో సింగపూర్ అధికార సంస్థలు ఆమెనే సృష్టికర్తగా గుర్తించాయి. స్వయంగా రిడ్లీ అచ్చువేసి చెప్పిన మాట నిలదొక్కుకోవడానికి 123 ఏళ్లు పట్టింది.

ఆర్కిడ్ల పెంపకం ఒక శాస్త్రంగా స్థిరపడింది 1928 తరువాత. ఆర్కిడ్ గింజ ధూళికణమంత సన్నగా ఉంటుంది. మొలకెత్తడానికి కావలసిన ఆహారం దానిలో ఉండదు. ప్రకృతిలో ఒక రకం శిలీంధ్రం దానికి ఆహారం అందిస్తుంది. చక్కెర, లవణాలు కలిపిన గట్టి ద్రావణం మీద గాజు సీసాలో ఆ గింజలను మొలకెత్తించవచ్చని 1922లో అమెరికన్ శాస్త్రవేత్త లూయిస్ నడ్సన్ చూపించాడు. బొటానిక్ గార్డెన్స్ అధిపతి ఎరిక్ హోల్టమ్ ఆ పద్ధతిని సింగపూర్‌లో ప్రవేశపెట్టాడు. 1931లో అక్కడి మొదటి సంకరజాతి పూసింది. అప్పటినుంచి వందలాది కొత్త ఆర్కిడ్లు వచ్చాయి. 1956 నుంచి దేశానికి వచ్చే ప్రముఖుల పేర్లను కొత్త ఆర్కిడ్లకు పెట్టే సంప్రదాయం మొదలైంది. 1967లో స్వతంత్ర సింగపూర్ ముద్రించిన తొలి కరెన్సీ నోట్ల మీద కూడా ఆర్కిడ్లే కనిపిస్తాయి. ఒక పువ్వుకు పేరు పెట్టడం రాజమర్యాదలో భాగమైపోయింది.

కుండ కథ

గాజు సీసాలో మొలిచిన మొక్క ఎప్పటికీ అందులోనే ఉండలేదు. దానిని బయటికి తీసి కుండీలో పెట్టాలి. చెట్టు కొమ్మలను పట్టుకుని పెరిగే ఆర్కిడ్ల వేళ్లకు నీటితో సమానంగా గాలి కావాలి. మామూలు పూలకుండీలో పెడితే వేళ్లు కుళ్లిపోతాయి. అందుకే ఆర్కిడ్ కుండీకి పక్కలంతా రంధ్రాలు పెడతారు. లోపల మట్టికి బదులు బొగ్గు ముక్కలు, ఇటుక ముక్కలు వేస్తారు. నీటిని నిలిపి ఉంచడం కూజా పని అయితే, నీటిని నిలవనీయకపోవడం ఈ కుండీ పని. జురాంగ్ ప్రాంతపు బంకమట్టితో ఇటువంటి కుండీలను తయారుచేసినవి డ్రాగన్ బట్టీలే.

ఈ బట్టీల పరిజ్ఞానం దక్షిణ చైనా నుంచి వచ్చింది. చావోఝౌ ప్రాంతం నుంచి వలస వచ్చిన టియోచ్యూ కుమ్మరులు దానిని తమతో తెచ్చుకున్నారు. వాలు నేల మీద కట్టడం వల్ల బట్టీయే పొగగొట్టంగా పనిచేస్తుంది. దిగువ నోటిలో మంట పెడితే వేడిగాలి తనంతట తానే పైకి ఎగబాకుతుంది. దిగువ భాగం తగినంత కాలిన తరువాత పక్క రంధ్రాల నుంచి కట్టెలు వేస్తూ, మంటను మెట్టు మెట్టుగా తోక దాకా నడిపిస్తారు. లోపల వేడి 1,200 డిగ్రీల సెల్సియస్ దాటుతుంది. ఆ వేడిలో కట్టెల బూడిద ఎగిరి కుండల మీద పడి, కరిగి, గాజులా మారుతుంది. మంట ఎటు వీచిందో, బూడిద ఎక్కడ వాలిందో దానిని బట్టి ఒక్కొక్క కుండకు ఒక్కొక్క వన్నె వస్తుంది. తెలుగు గ్రామాల్లో కుమ్మరి ఆవంలో తక్కువ వేడికి కాలిన కుండ నీటిని చెమరుస్తుంది, అందుకే లోపలి నీరు చల్లబడుతుంది. డ్రాగన్ బట్టీలో రాయిలా గట్టిపడిన కూజా ఆ చెమట పట్టదు.

ఈ బట్టీలలో అలంకారపు కూజాల కన్నా ముందు పుట్టినవి పనిముట్లు. ఇంటింటికీ కుళాయి లేని రోజుల్లో నీటి జాడీలు, పూలకుండీలు, అన్నిటికంటే ఎక్కువగా రబ్బరు పాలు పట్టే చిన్న మట్టి కప్పులు అక్కడ కాలేవి. ఇక్కడ పువ్వు కథ, కుండ కథ ఒకే మనిషి దగ్గర కలుస్తాయి. వాండా మిస్ జోక్విమ్‌ను లోకానికి పరిచయం చేసిన రిడ్లీయే, చెట్టు చావకుండా బెరడును కొద్దికొద్దిగా గీసి పాలు తీసే పద్ధతిని కనిపెట్టాడు. 1877లో బ్రిటన్‌లోని క్యూ తోటల నుంచి సింగపూర్‌కు 22 రబ్బరు మొక్కలు వచ్చాయి. వాటి సంతతిని నాటమని తోటల యజమానులను రిడ్లీ ఎంతగా వెంటబడ్డాడంటే, జనం అతనిని 'పిచ్చి రిడ్లీ' అని పిలిచేవారు. తరువాత మలయా అంతటా రబ్బరు తోటలు లేచాయి. గీసిన ప్రతి చెట్టుకూ ఒక కప్పు కావలసి వచ్చింది.

ఆ చెట్లను గీసిన వారిలో తెలుగువారు కూడా ఉన్నారు. ఉత్తర కోస్తా, గోదావరి ప్రాంతాల నుంచి పందొమ్మిదో శతాబ్దపు చివరి దశకాల్లోను, ఇరవయ్యో శతాబ్దపు తొలి దశకాల్లోను కుటుంబాలకు కుటుంబాలు మలయా తోటలకు వలస వెళ్లాయి. తెల్లవారకముందే లేచి, బెరడు గీసి, కప్పు తగిలించి, ఎండ ముదిరేలోగా పాలు పోగుచేసిన ఆ మనుషుల పేర్లు తోటల హాజరు పట్టీలను దాటి బయటికి రాలేదు. కప్పు చేసిన కుమ్మరీ, దానిని చెట్టుకు తగిలించిన కూలీ ఒకరినొకరు చూసి ఉండరు. ఒకే మట్టి కప్పు ఆ ఇద్దరి చేతుల మీదుగా నడిచింది. చరిత్రలో ఆ ఇద్దరికీ పేరు లేదు.

పేరు నిలిచిన సందర్భాలు

కుండలో పువ్వు ఉంచి దానిని మంగళచిహ్నంగా భావించడం తెలుగు నేలకు చాలా పాతది. అమరావతి స్తూపపు శిల్ప ఫలకాల మీద పూర్ణఘటం పదే పదే కనిపిస్తుంది. గుండ్రని కుండ, దాని నోటి నుంచి పొంగి వస్తున్న తామరలు, మొగ్గలు, ఆకులు. ఆ ఫలకాలలో ఒకదాని మీద ఉన్న బ్రాహ్మీ శాసనం ప్రత్యేకించి చెప్పుకోదగినది. నాగుడనే ఉపాధ్యాయుని కుమారుడు, తోలుపని చేసే విధికుడు, తన తల్లితోను, భార్యతోను, సోదరులతోను, పిల్లలతోను కలిసి ఈ పూర్ణఘట ఫలకాన్ని సమర్పించాడని అందులో ఉంది. రాజు కాదు, శ్రేష్ఠి కాదు, ఒక చర్మకారుడు. సుమారు రెండు వేల ఏళ్ల తరువాత కూడా అతని పేరు చదవగలుగుతున్నాము. అయినా ఆ రాతిలో కుండను, తామరలను చెక్కిన శిల్పి పేరు అక్కడ లేదు.

సింగపూర్‌లోని ఆసియా నాగరికతల మ్యూజియంలో మరో ఉదాహరణ ఉంది. 1998లో ఇండోనేషియాలోని బెలితుంగ్ దీవి దగ్గర తొమ్మిదో శతాబ్దపు ఓడ ఒకటి సముద్రగర్భంలో బయటపడింది. పలకలను తాళ్లతో కుట్టిన ఆ ఓడలో దాదాపు 60,000 చైనా పింగాణీ, మట్టి పాత్రలు ఉన్నాయి. వాటిలో అధిక భాగం చాంగ్‌షా బట్టీలలో కాలిన గిన్నెలు. పెద్ద జాడీలలో ఒకదానిలో ఒకటి చుట్లు చుట్లుగా పేర్చి వాటిని రవాణా చేశారు. ఒక గిన్నె మీద క్రీ.శ. 826కు సమానమైన తేదీ ఉంది. మరొక గిన్నె మీద, ఇవి పేరుపొందిన ఫాన్ కుటుంబం వారి గిన్నెలు అన్న అర్థం వచ్చే రాత ఉంది. వేలాది పాత్రల మధ్య ఒక కుటుంబం తన ఉనికిని చాటుకున్న అరుదైన సందర్భం అది.

ఆధునిక సింగపూర్‌లో కుండకు కర్త పేరు తెచ్చినవారిలో ఇస్కందర్ జలీల్ ముఖ్యుడు. 1940లో పుట్టిన ఈయన గణితం, సైన్సు బోధించే ఉపాధ్యాయుడిగా జీవితం మొదలుపెట్టాడు. కొలంబో ప్రణాళిక కింద మొదట మహారాష్ట్రలో నేతపని నేర్చుకున్నాడు. 1972లో మళ్లీ అదే ప్రణాళిక కింద జపాన్‌లోని తాజిమీకి వెళ్లి కుండల విద్య అభ్యసించాడు. జపాన్‌లో పూలు అమర్చడం ఒక ప్రత్యేక విద్య. బుద్ధుని ముందు పూలు ఉంచే ఆచారం నుంచి ఇకెబానా ఎదిగింది. 1462 నాటి ఒక భిక్షువు దినచర్య, క్యోటోలోని రొక్కకుదో ఆలయ పూజారి ఇకెనొబో సెంకేయి పూలు అమర్చిన తీరును పేరు పెట్టి ప్రస్తావించింది. అక్కడ పూలు అమర్చినవారికీ పేరుంది, కూజా చేసినవారికీ పేరుంది. ఇస్కందర్ తెచ్చుకున్నది ఆ దృష్టిని. ఆయన కూజాలలో గాఢమైన నీలిరంగు, చెట్టుకొమ్మనే పిడిగా తగిలించడం ప్రసిద్ధం. 1988లో ఆయనకు సాంస్కృతిక పతకం లభించింది, 2016లో నేషనల్ గ్యాలరీ ఆయన జీవితకృషిని ప్రదర్శించింది.

మిగిలిన రెండు బట్టీలు

ఇంటింటికీ కుళాయి నీరు వచ్చాక నీటి జాడీల అవసరం పోయింది. రబ్బరు తోటలు తరిగాయి, మిగిలిన చోట ప్లాస్టిక్ వచ్చింది. ఎత్తైన ప్రభుత్వ గృహసముదాయాల కోసం, కర్మాగారాల కోసం భూమి కావలసి వచ్చినప్పుడు బట్టీలు ఒక్కొక్కటే నేలమట్టమయ్యాయి. మిగిలిన రెండూ గడువు ఉన్న లీజుల మీద నిలిచి ఉన్నాయి. లీజు ముగుస్తున్న ప్రతిసారీ వాటి భవిష్యత్తు ప్రశ్నార్థకం అవుతూనే ఉంటుంది. ఇప్పుడు అప్పుడప్పుడు మాత్రమే మంట వేస్తారు. విద్యార్థులు, ఉద్యోగులు, గృహిణులు, విశ్రాంత జీవులు తమ చేతులతో చేసిన కూజాలను తెచ్చి లోపల పేరుస్తారు. రాత్రి పగలు వంతులు వేసుకుని కట్టెలు వేస్తారు. చల్లబడటానికి రోజులు పడుతుంది. నోరు తెరిచాక ప్రతివారూ తమ కూజా అడుగున గీసుకున్న గుర్తు కోసం వెతుక్కుంటారు.

అదే నగరంలో దసరా రోజుల్లో తెలంగాణ కుటుంబాలు బతుకమ్మను పేరుస్తాయి. తంగేడు, గునుగు అక్కడ సులభంగా దొరకవు, దొరికిన పూలతోనే పళ్లెంలో వరుసలు లేస్తాయి. కలశంలో మామిడాకులు పెట్టడం, పళ్లెంలో పూలు పేర్చడం ఆ ఇళ్లలో తల్లులు నేర్పిన విద్య. ఏ శాసనంలోనూ వారి పేరు ఉండదు. ఆ విద్య నేర్చుకునేవారు ఉన్నంతకాలం నిలుస్తుంది. బట్టీకి ఆ సౌలభ్యం లేదు. కూల్చిన బట్టీని జ్ఞాపకం మీద తిరిగి కట్టవచ్చునేమో గాని, ఎనభై ఏళ్ల మంటలకు బూడిద కరిగి గాజుపొరగా పేరుకున్న ఆ లోపలి గోడలను ఎవరూ తిరిగి కట్టలేరు. పేరు రాసుకోని కుమ్మరులు సింగపూర్‌లో వదిలి వెళ్లిన సంతకం ఆ గోడల మీదే ఉంది.